మా ఇంటి రుణం: మిగిలిన వాయిదాలు 385

మా ఫ్లాట్ ఎంతకు కొన్నారని ఎవరైనా అడిగితే మావారు ‘యాభై రెండు లక్షలు’ అని చెబుతారు. దస్తావేజులో ఉన్న అంకె అదే, అబద్ధమేమీ లేదు. నేను మాత్రం ఒక ప్రైవేటు ఆసుపత్రిలో లెక్కలు రాసే ఉద్యోగం చేస్తున్నాను. దేని ఖరీదైనా సరే, దానికోసం చేతిలోంచి వెళ్లే ఆఖరి రూపాయిదాకా లెక్కపెట్టాలన్నది నా పట్టుదల. అలా లెక్కపెడితే మా ఇంటి ఖరీదు మొదటిరోజే 90 లక్షలు దాటింది. పది నెలలు తిరక్కుండానే కోటీ ముప్ఫై ఎనిమిది లక్షల వైపు పరుగెత్తింది. దాన్ని వెనక్కి లాక్కురావడానికి మూడేళ్లు పట్టింది. ఇల్లు కొనబోయేవారికి పనికొస్తుందని ఆ లెక్కంతా ఇక్కడ రాస్తున్నాను.

2021 డిసెంబరులో హైదరాబాదు నాగోలు ప్రాంతంలో రెండు పడకగదుల ఫ్లాట్ తీసుకున్నాం. రుణం 40 లక్షలు, 20 ఏళ్ల గడువు, 7 శాతం ఫ్లోటింగ్ (మధ్యలో మారుతూ ఉండే) వడ్డీ. మిగతా 12 లక్షలు మేం కూడబెట్టుకున్నవి. రుణం 30 లక్షలు దాటి 75 లక్షల లోపు ఉంటే ఆస్తి విలువలో 80 శాతానికి మించి ఇవ్వకూడదన్నది రిజర్వు బ్యాంకు నిబంధన. ఆ విలువలో రిజిస్ట్రేషన్ ఖర్చులను కలపరు. తెలంగాణలో స్టాంపు డ్యూటీ, బదిలీ సుంకం, రిజిస్ట్రేషన్ రుసుము అన్నీ కలిపి అంతకుముందు 6 శాతం ఉండేవి. ఆ ఏడాది జులైలోనే 7.5 శాతానికి పెంచారు. 52 లక్షల మీద అది 3,90,000 రూపాయలు. ఇది పూర్తిగా చేతి డబ్బే. కట్టడం పూర్తయి ఆక్యుపెన్సీ సర్టిఫికెట్ వచ్చిన ఇల్లు కాబట్టి జీఎస్టీ పడలేదు. నిర్మాణంలో ఉన్న ఫ్లాట్ అయితే ఆ ధరకు మరో 5 శాతం కట్టాల్సి వచ్చేది.

నెల వాయిదా 31,012 రూపాయలు. 240 నెలలకు 74 లక్షల 43 వేలు. దానికి మా 12 లక్షలు, రిజిస్ట్రేషన్ ఖర్చు కలిపితే 90 లక్షల 33 వేలు. ప్రాసెసింగ్ ఫీజు, దాని మీద జీఎస్టీ, లాయరు పరిశీలన, ఆస్తి మదింపు, దస్తావేజుల తాకట్టు రిజిస్ట్రేషన్, అపార్టుమెంటు కార్పస్ నిధి వంటివి ఇందులో కలపలేదు. ఒక్కొక్కటీ చిన్న మొత్తమే అయినా, రిజిస్ట్రేషన్ జరిగిన నెలలో అన్నీ ఒక్కసారే మీద పడ్డాయి.

రుణ పత్రాల మీద సంతకాలకు పిలిచినప్పుడు 1,20,000 రూపాయల ఏకమొత్తం ప్రీమియంతో ఒక బీమా పాలసీని కూడా ముందుపెట్టారు. ‘మీరు కట్టనక్కర్లేదు మేడమ్, రుణంలోనే కలిపేస్తాం’ అన్నారు. కలిపితే నెలకు 930 రూపాయలు పెరుగుతుంది. వినడానికి తక్కువే. 240 నెలలకు అది 2,23,000 దాటుతుందని అక్కడే ఫోనులో లెక్కవేసి చూపించాను. ఆ పాలసీ తప్పనిసరా అని అడిగితే కాదన్నారు. ఇంటి రుణం ఉన్న మనిషికి బీమా ఉండి తీరాలన్నది నా నమ్మకం. అందుకే మావారి పేరున విడిగా టర్మ్ పాలసీ తీసుకున్నాం. ప్రీమియం ఏటేటా మా జీతంలోంచి కడుతున్నాం కాబట్టి దాని మీద ఇరవై ఏళ్ల వడ్డీ పడదు.

మా అమ్మది ఖమ్మం జిల్లాలో పల్లెటూరు. వడ్డీ ఎంత అని అడిగితే 7 శాతం అన్నాను. ‘అంటే నూటికి అరవై పైసలైనా పడలేదన్నమాట. ఆ వడ్డీకి మన ఊళ్లో ఎవరిస్తారే’ అని సంబరపడింది. రెండు రూపాయల వడ్డీకి తెచ్చి పొలం పెట్టుబడి పెట్టిన మనిషికి అలా అనిపించడం న్యాయమే. కానీ ఊళ్లో అప్పు పంట చేతికి రాగానే తీర్చేస్తారు, మాది ఇరవై ఏళ్ల అప్పు. వడ్డీ రేటు తక్కువగా ఉన్నా కాలం దాని పని అది చేసుకుపోతుంది.

ఆ కాలం చేసే పని ఏమిటో కంప్యూటర్లో నెలవారీ పట్టిక వేసుకుంటే కళ్లకు కట్టింది. మొదటి వాయిదా 31,012లో 23,333 రూపాయలు వడ్డీ. అసలుకు జమ అయ్యేది 7,679. రేటు మారకుండా 7 శాతమే ఉన్నా, మొదటి ఏడాది 3,72,000 కడితే అప్పు తగ్గేది 95,000. ఐదేళ్లలో 18 లక్షల 60 వేలు కడితే అసలులో తీరేది ఐదున్నర లక్షలు. వాయిదాలో వడ్డీ కన్నా అసలు ఎక్కువ కావడం 122వ నెలలో మొదలవుతుంది. 40 లక్షల్లో సగం తీరడానికి పదమూడేళ్లు దాటాలి. బ్యాంకు మోసం ఇందులో ఏమీ లేదు. మిగిలిన అప్పు మీద ఆ నెల వడ్డీ తీసుకుని, మిగిలినది అసలుకు జమ చేస్తారు. మొదట్లో అప్పు పెద్దది, అందుకే వడ్డీ పెద్దది. ఈ పట్టికను ఇల్లు కొనేముందే ఒక్కసారి పైనుంచి కిందదాకా చదవాలని నేను ఎవరికైనా చేతులు పట్టుకుని చెబుతాను. మొదటి ఐదేళ్లలో చేసే చిన్న మార్పుకు చివరి ఐదేళ్లలో ఎంత విలువ ఉంటుందో అందులో తెలుస్తుంది.

‘వడ్డీ కడితే పన్ను మిగులుతుంది కదా’ అని ఆఫీసులో చాలామంది అన్నారు. సొంతంగా ఉండే ఇంటికి పాత పన్ను విధానంలో ఏడాదికి 2 లక్షల వరకే వడ్డీ మినహాయింపు. 20 శాతం శ్లాబులో ఉన్నవారికి సెస్సుతో కలిపి మిగిలేది 41,600. మేం మొదటి ఏడాది కట్టాల్సిన వడ్డీ 2 లక్షల 77 వేలు. 41 వేల కోసం 2 లక్షల 77 వేలు కట్టడం ఆదా ఎలా అవుతుందో నాకు ఇప్పటికీ బోధపడదు. ఎలాగూ కడుతున్నాం కాబట్టి వచ్చే మినహాయింపు తీసుకోవడం సరైనదే. దానికోసం అప్పును పొడిగించుకోవడం వేరే సంగతి. పైగా కొత్త పన్ను విధానంలోకి మారితే, సొంతంగా ఉండే ఇంటికి ఆ మినహాయింపు కూడా ఉండదు.

ఇక అసలు విషయం. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులిచ్చే కొత్త ఫ్లోటింగ్ గృహరుణాలు రెపో రేటు (రిజర్వు బ్యాంకు మిగతా బ్యాంకులకు అప్పిచ్చే వడ్డీ రేటు) వంటి బయటి కొలమానానికి ముడిపడి ఉన్నాయి. మా రుణం వచ్చేనాటికి రెపో 4 శాతం, దానిపై బ్యాంకు వేసుకున్న అదనం, అంటే స్ప్రెడ్ 3 శాతం, మొత్తం 7. 2022 మే 4న రిజర్వు బ్యాంకు రెపోను 4.40కి పెంచింది. జూన్‌లో 4.90, ఆగస్టులో 5.40, సెప్టెంబరు 30న 5.90. మా బ్యాంకు మూడు నెలలకోసారి రేటు సవరిస్తుంది కాబట్టి జులై నుంచి మాకు 7.90, అక్టోబరు నుంచి 8.90 అయ్యింది. రేటు మారిందని ఫోనుకు చిన్న సందేశం వచ్చింది. ఖాతాలోంచి వెళ్లే వాయిదా మాత్రం అదే 31,012. టీవీలో వడ్డీల పెరుగుదల గురించి విన్న మావారు ‘మనకేం పెరగలేదు’ అని ఊరట చెందారు.

రేటు పెరిగితే ఎక్కడో ఒకచోట అది కనబడాలి. అక్టోబరు మొదట్లో రుణ ఖాతా వివరాలు తెరిచి చూశాను. రేటు 8.90. వాయిదా 31,012. మిగిలిన వాయిదాలు 385.

అప్పటికి తొమ్మిది వాయిదాలు కట్టాం. 240లోంచి తొమ్మిది తీసేస్తే 231 ఉండాలి. 385 అంటే ఇంకా 32 ఏళ్లు. మావారికి అప్పుడు 36 ఏళ్లు. ఆ అక్టోబరు వాయిదాలో వడ్డీకే 29,208 పోతుంది. అసలుకు 1,804. మొత్తం రుణానికి కట్టాల్సింది 74 లక్షల నుంచి కోటీ 22 లక్షలకు చేరింది. నెల వాయిదాలో ఒక్క రూపాయి కూడా మారకుండానే ఇదంతా జరిగిపోయింది.

మర్నాడు శాఖకు వెళ్లాను. అక్కడి అధికారి మర్యాదగానే మాట్లాడారు. ‘ఖాతాదారుల మీద భారం పడకూడదని వాయిదా పెంచకుండా గడువు పెంచుతాం మేడమ్. చాలామంది అదే కోరుకుంటారు’ అన్నారు. గడువు 231 నెలలే ఉంచితే వాయిదా ఎంతవుతుందో చెప్పమన్నాను. ఆయన లెక్కవేసి తెర నా వైపు తిప్పారు: 35,682. అంటే నెలకు 4,670 ఎక్కువ. రెండు అంకెలనూ గుణించి చూడమని కాల్‌క్యులేటర్ ఆయన ముందుకే జరిపాను. 385 సార్లు 31,012 అయితే కోటీ 19 లక్షలు. 231 సార్లు 35,682 అయితే 82 లక్షల 42 వేలు. తేడా దాదాపు 37 లక్షలు. భారం పడకూడదని చేశామన్న మార్పు ధర అది. ఆయన కాసేపు ఆ అంకె వైపు చూసి, ‘లెటర్ రాసివ్వండి, మార్పిస్తాను’ అన్నారు.

లెటరు అన్నంత మాత్రాన పని అయిపోలేదు. రుణం ఇద్దరి పేరునా ఉంది కాబట్టి ఇద్దరి సంతకాలూ కావాలి. మా జీతాలు వేరే బ్యాంకులో పడతాయి. అక్కడి నుంచి వాయిదా కోసుకోవడానికి మొదట్లో ఇచ్చిన మాండేటులో (అనుమతి పత్రంలో) గరిష్ఠ మొత్తం తక్కువగా రాసి ఉండటంతో కొత్తది ఇవ్వాల్సి వచ్చింది. గడువు తగ్గించి వాయిదా పెంచాలని కోరుతున్నట్లు స్పష్టంగా రాసి, అందినట్లు ముద్ర వేయించుకున్న నకలు దాచుకున్నాను. ఆ అక్టోబరు వాయిదా నుంచే మార్పు అమలైంది. రెపో అక్కడితో ఆగలేదు. డిసెంబరులో 6.25, 2023 ఫిబ్రవరిలో 6.50. మా రేటు 9.50కి, వాయిదా 37,175కి చేరింది. నెలకు ఆరు వేల పైచిలుకు అదనం. ఆ ఏడాది పండగ బట్టలు తప్ప కొత్తవి కొనలేదు. కారు ఆలోచన పక్కనపెట్టాం. ఇది తేలిక అని నేను చెప్పను. పిల్లల ఫీజులకే కష్టంగా ఉన్న ఇంట్లో గడువు పెంచుకోవడం తప్ప దారి ఉండకపోవచ్చు. అయితే ఆ ఎంపిక ఇంటివాళ్లు లెక్క చూసుకుని చేయాలి. వాళ్లకు తెలియకుండా కంప్యూటరు చేసేయకూడదు.

ఈ బాధ మా ఒక్కరిదే కాదని తర్వాత రుజువైంది. 2023 ఆగస్టు 18న రిజర్వు బ్యాంకు ఇదే విషయం మీద ఆదేశాలిచ్చింది. రేటు పెరిగినప్పుడు వాయిదా పెంచాలా, గడువు పెంచాలా, రెండూ కొంతకొంతగానా అన్నది ఖాతాదారు ఎంచుకోవచ్చు. స్థిర వడ్డీకి మారే అవకాశం కూడా ఇవ్వాలని అప్పట్లో అన్నారు. మూడు నెలలకోసారి ఇచ్చే వివరపత్రంలో ఇప్పటిదాకా వసూలైన అసలు, వడ్డీ, వాయిదా మొత్తం, మిగిలిన వాయిదాల సంఖ్య, వార్షిక రేటు ఉండాలి. వాయిదా ఆ నెల వడ్డీకి కూడా సరిపోని స్థితి రాకుండా చూడాలి. పాత రుణాలకు కూడా ఆ ఏడాది చివరికల్లా వర్తింపజేయాలన్నారు. ఆ వివరపత్రం వచ్చినప్పుడు వడ్డీ రేటు దగ్గర ఆగిపోకుండా మిగిలిన వాయిదాల సంఖ్య చూడండి. మూడు నెలల క్రితం ఉన్న సంఖ్యలోంచి మూడు తగ్గాలి. తగ్గలేదంటే వెంటనే అడగాలి.

స్ప్రెడ్ సంగతి ఆ తర్వాత పట్టించుకున్నాను. 2023 చివర్లో మా ఆఫీసులో ఒకమ్మాయి కొత్తగా రుణం తీసుకుంటే 8.75 శాతానికి ఇచ్చారు. రెపో అందరికీ ఒకటే 6.50. ఆమె స్ప్రెడ్ 2.25, మాది 3. క్రమం తప్పకుండా కడుతున్న పాతవాళ్లం ముప్పాతిక శాతం ఎక్కువ కడుతున్నామన్నమాట. వేరే బ్యాంకుకు మారితే మళ్లీ లాయరు, మదింపు, తాకట్టు రిజిస్ట్రేషన్ ఖర్చులు. ముందు మా బ్యాంకునే అడిగాను. కొంత రుసుము తీసుకుని పాత రుణాన్ని కొత్త స్ప్రెడ్‌కు మార్చే వీలుందని చెప్పారు. అడిగినవారికే చెబుతారు, అది నాకు కోపం తెప్పించే విషయం. ఏడాదికి 29 వేల దాకా వడ్డీ తగ్గుతుంటే ఆ రుసుము కొన్ని నెలల్లోనే గిట్టుబాటైంది.

2024 జనవరి నుంచి రేటు 8.75. ఇప్పుడు వాయిదా 35,370కి తగ్గించుకోవచ్చన్నారు. వద్దు, 37,175 అలాగే ఉంచండన్నాం. అలవాటైన మొత్తమే కదా. మిగిలిన 216 నెలలు ఒక్క దెబ్బకు 193 అయ్యాయి. అదే నెలలో చిట్టీ పాడిన డబ్బులోంచి లక్ష రూపాయలు ముందస్తుగా కట్టాం. 193 కాస్తా 183 అయ్యాయి. ఆ రోజు కట్టిన లక్ష, చివర్లో కట్టాల్సిన దాదాపు 3 లక్షల 90 వేలను తుడిచేసింది.

ముందస్తు చెల్లింపులో చూసుకోవాల్సింది ఒకటుంది. వ్యక్తులు తీసుకున్న ఫ్లోటింగ్ గృహరుణానికి బ్యాంకులు దీనిమీద జరిమానా వేయకూడదని 2012 నుంచి నిబంధన ఉంది. ఆ భయం అక్కర్లేదు. కానీ డబ్బు రుణ ఖాతాలో వేసి ఊరుకుంటే అది రాబోయే వాయిదాల కింద జమ కావచ్చు, లేదా గడువు తగ్గకుండా వాయిదా తగ్గవచ్చు. అసలుకు జమచేసి గడువు తగ్గించమని రాతపూర్వకంగా అడిగి, వారం తర్వాత కొత్త పట్టిక తెప్పించుకున్నాను.

ఆ లక్షను మ్యూచువల్ ఫండులో వేస్తే ఇంకా ఎక్కువ వచ్చేదని మరిది వాదన. రావచ్చు, రాకపోవచ్చు. అప్పు తగ్గితే మిగిలే 8.75 శాతం మాత్రం ఖాయం, దాని మీద పన్ను కూడా లేదు. ఆరు నెలల వాయిదాలకు సరిపడా డబ్బు డిపాజిట్‌లో పక్కన పెట్టాకే మేం ముందస్తు చెల్లింపు మొదలుపెట్టాం. ఉద్యోగం పోతే బ్యాంకు మన పాత చెల్లింపులను తిరిగివ్వదు. 2041లో 31 వేలకు ఏం విలువ ఉంటుంది, నిదానంగా కట్టుకోవచ్చు కదా అన్నవారూ ఉన్నారు. ధరలతోపాటు జీతం పెరిగే ఉద్యోగమైతే ఆ మాట నిజం. మావారిది నిర్మాణ రంగంలో ప్రైవేటు ఉద్యోగం. యాభై దాటిన సైట్ ఇంజినీర్లకు ఏం జరుగుతుందో ఆయన రోజూ చూస్తున్నారు.

2025 జనవరిలో మరో లక్ష కట్టాం. ఆ ఫిబ్రవరి నుంచి రెపో తగ్గడం మొదలై డిసెంబరుకు 5.25కి వచ్చింది. మాకు 2026 జనవరి నుంచి 7.50. వాయిదాను మాత్రం కదపలేదు. రేటు పెరిగినప్పుడు గడువు తనంతట తాను పెరిగినట్లే, తగ్గినప్పుడు వాయిదా తగ్గించకపోతే గడువు తగ్గుతుంది. ఆ జనవరి వివరపత్రంలో మిగిలిన వాయిదాలు 134. ఇదే రేటు నిలిస్తే మొత్తం రుణానికి మేం కట్టేది దాదాపు 68 లక్షల 75 వేలు. మొదట అనుకున్న 74 లక్షల కన్నా తక్కువ. నడుమ రేటు 9.50 దాకా వెళ్లొచ్చినా కూడా.

మా తమ్ముడు విశాఖపట్నంలో ఇల్లు చూస్తున్నాడు. 30 లక్షల రుణం. 2024 అక్టోబరు నుంచి రుణమిచ్చేముందు కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్ ఇవ్వడం తప్పనిసరి అయ్యింది. ఫీజులు, బ్యాంకు ద్వారా వసూలు చేసే బీమా వంటివన్నీ కలిపి నిజంగా పడే వార్షిక రేటును, అంటే ఏపీఆర్‌ను అందులో చూపాలి. నెలవారీ పట్టిక కూడా ఇవ్వాలి. మా రోజుల్లో నేను కూర్చుని వేసుకున్న పట్టిక వాడికి బ్యాంకే ఇచ్చింది. వడ్డీ 7.5 అని ఉన్నచోట ఏపీఆర్ 7.9కి దగ్గరగా కనబడింది. చూస్తే 75 వేల బీమా ప్రీమియం అందులో ఉంది. అది తీయించి, వేరే పాలసీ తీసుకోమన్నాను.

ముప్ఫై ఏళ్ల గడువు పెట్టుకుంటే వాయిదా 20,976, ఇరవై ఏళ్లకైతే 24,168. ‘మూడు వేలే కదా అక్కా తేడా, ముప్ఫై పెట్టేస్తా’ అన్నాడు. మొత్తాలు పక్కపక్కన రాసి పంపాను: 75 లక్షల 51 వేలు, 58 లక్షలు. రాత్రికి ఫోను చేశాడు. రెండో బిడ్డ పుట్టబోతోంది, 24 వేలు ఇప్పుడే కష్టం. పాతికేళ్లకు పెట్టి, రెండేళ్ల తర్వాత పదోన్నతి రాగానే వాయిదా పెంచమని లెటరిస్తానన్నాడు. పెంచే వీలు ఉంటుందని మంజూరు పత్రంలోనే రాయించుకోమన్నాను. సోమవారం శాఖకు వెళ్తున్నాడు.